పేరులో యూనివర్సిటీ, పక్కన స్టేడియం

మొన్న రాత్రి మా కాలేజీ జూనియర్ ఒకడు ఫోన్ చేశాడు. సియాటెల్‌లోని యూనివర్సిటీ ఆఫ్ వాషింగ్టన్‌లో ఎమ్మెస్ సీటొచ్చింది, వీసా కూడా అయిపోయింది. ఇక మిగిలింది రూమ్.

"అన్నా, మ్యాప్‌లో లైట్ రైల్ స్టేషన్ పేరే యూనివర్సిటీ ఆఫ్ వాషింగ్టన్ అని ఉంది. దాని పక్కనే రూమ్ తీసుకుంటే క్లాసుకి రెండు నిమిషాలే కదా?"

"దాని పక్కన రూములు లేవురా, ఫుట్‌బాల్ స్టేడియం ఉంది" అన్నాను. జోక్ అనుకుని నవ్వాడు. జోకేం కాదు.

ఆ స్టేషన్ 2016 మార్చి 19న మొదలైంది. డౌన్‌టౌన్ నుంచి పది నిమిషాల లోపే వచ్చేయొచ్చు. బస్సులో ట్రాఫిక్‌లో ఇరుక్కున్నవాళ్లకి అది పండగే. కానీ అది ఉన్నది క్యాంపస్ ఆగ్నేయ మూలలో. ఒకవైపు హస్కీ స్టేడియం, రోడ్డుకి అటువైపు యూనివర్సిటీ ఆస్పత్రి. ప్లాట్‌ఫామ్ భూమికి దాదాపు 95 అడుగుల లోతులో ఉంటుంది, అంటే తొమ్మిదంతస్తుల బిల్డింగ్‌ని తలకిందులుగా పాతేసినట్టు. పైకొచ్చాక మాంట్‌లేక్ రోడ్డు మీది వంతెన దాటి, ఎత్తు ఎక్కుతూ నడిస్తే అప్పుడు క్లాసులు. 2018 మార్చిలో ఒకరోజు ఎస్కలేటర్లు మొరాయిస్తే జనం కింద బారులు తీరి నిలబడిపోయారు. అప్పటిదాకా ఎమర్జెన్సీకే అని మూసి ఉంచిన మెట్లని ఆ తర్వాత అందరికీ తెరిచారు.

రెండో స్టేషన్ యూ డిస్ట్రిక్ట్. 2021 అక్టోబర్ 2న తెరిచారు. ఇది క్యాంపస్‌కి పడమటి పక్కన, బ్రూక్లిన్ అవెన్యూ మీద ఉంది. రెండు వీధులు దాటితే క్యాంపస్ అంచు. తిండి, షాపులు, అద్దె ఇళ్లు అన్నీ ఈ వైపే. పేరులో 'యూనివర్సిటీ' పూర్తిగా లేదు గానీ, స్టూడెంట్ బతుకంతా ఇక్కడే ఉంది.

ఇప్పుడు అసలు ప్రశ్న. ఈ రెండు స్టేషన్ల మధ్య రైలు క్యాంపస్ కిందుగానే సొరంగంలో వెళుతుంది. మరి నడిమధ్యలో ఒక్కచోట ఆగితే ఏం పోయింది?

కొంత డబ్బు సంగతి. పాత ప్లాన్ ప్రకారం రైలు పోర్టేజ్ బే నీళ్ల అడుగు నుంచి వచ్చి, క్యాంపస్ పడమటి అంచున 15వ అవెన్యూ వెంట రెండుచోట్ల ఆగాలి. ఆ సొరంగం ఖర్చు చేయిదాటిపోవడంతో దారిని తూర్పున మాంట్‌లేక్ వైపుకి జరిపారు. స్టేడియం దగ్గరికి స్టేషన్ వచ్చింది అలాగే.

ఇంకో సంగతి నాకు బాగా నచ్చింది. క్యాంపస్‌లో ఫిజిక్స్, ఇంజినీరింగ్ ల్యాబులు ఉన్నాయి. అణువుల స్థాయిలో కొలిచే పరికరాలకి పట్టాల మీద చక్రం దొర్లే వణుకు కూడా ఎక్కువే. కరెంటుతో ఇంకో ఇబ్బంది. ఈ రైళ్లు 1500 వోల్టుల డీసీతో నడుస్తాయి. రైలు కదిలిన ప్రతిసారీ తీగల్లో కరెంటు పెరిగి తగ్గుతుంది, దానితోపాటే చుట్టూ అయస్కాంత క్షేత్రం మారుతుంది. అంత ఇనుము కదిలినా చాలు, భూమి అయస్కాంత క్షేత్రమే కాస్త చెదురుతుంది. ఎలక్ట్రాన్ మైక్రోస్కోప్ ముందు కూర్చున్న పీహెచ్‌డీ స్టూడెంట్‌కి అది చేతిలో కెమెరా కదిలినట్టే.

అందుకే సొరంగం తవ్వకముందే యూనివర్సిటీ, రైలు సంస్థ కూర్చుని వణుకు ఎంతకి మించకూడదో, అయస్కాంత ప్రభావం ఎంతకి దాటకూడదో ఒప్పందం రాసుకున్నాయి. ల్యాబుల దగ్గర పట్టాల కింది కాంక్రీటు పలకని నేరుగా సొరంగం నేల మీద వేయకుండా, మెత్తటి దిమ్మల మీద తేలేలా కట్టారు. పైన క్లాసులో కూర్చున్నవాడికి కింద రైలు వెళ్లిందని కూడా తెలియదు.

ఇదే గొడవ మిన్నియాపొలిస్‌లో కోర్టుకెక్కింది. అక్కడ రైలు సొరంగంలో కాదు, క్యాంపస్ మధ్య వాషింగ్టన్ అవెన్యూ మీదే పోవాలి. ల్యాబులు దెబ్బతింటాయని యూనివర్సిటీ ఆఫ్ మిన్నెసోటా 2009లో కేసు వేసింది, మరుసటి ఏడాది రాజీ కుదిరింది. 2014 జూన్ 14న గ్రీన్ లైన్ మొదలైంది. క్యాంపస్ నడుమ ఆ రోడ్డు మీద కార్లు ఆపేశారు. ఈస్ట్ బ్యాంక్ స్టేషన్‌లో దిగితే క్లాసులు ఎదురుగానే. సియాటెల్‌లో రైలు లోతుగా, వేగంగా పోతుంది, నడక మాత్రం మనకి మిగులుతుంది. మిన్నియాపొలిస్‌లో గుమ్మం దాకా వస్తుంది గానీ, సిగ్నల్స్ మధ్య మెల్లగా వస్తుంది. రెండూ ఒకేసారి దొరకడం కష్టం.

మ్యాప్ మీద స్టేషన్ చుక్క ఈ బేరాలేవీ చూపించదు. తార్నాకలో మెట్రో దిగి ఓయూ ఆర్ట్స్ కాలేజీకి వెళ్లినవాళ్లకి ఈ బాధ కొత్తగా చెప్పక్కర్లేదు. రైలెక్కిన దగ్గర్నుంచి దిగేదాకా కాదు, ఇంటి తలుపు నుంచి క్లాసు తలుపు దాకా లెక్కపెట్టాలి.

మావాడికి అదే చెప్పాను. "ముందు నీ డిపార్ట్‌మెంట్ ఏ బిల్డింగో చూడు. కంప్యూటర్ సైన్స్, మెడికల్ వైపు అయితే స్టేడియం స్టేషన్ దగ్గర. బిజినెస్, పెద్ద లైబ్రరీ వైపు అయితే యూ డిస్ట్రిక్ట్. రూమ్ మాత్రం లైన్ వెంట ఎక్కడైనా చూడు. యూ డిస్ట్రిక్ట్ తర్వాత స్టాప్ రూజ్‌వెల్ట్, ఆ తర్వాతది నార్త్‌గేట్. స్టూడెంట్లకి ఫీజుతో పాటే యూ-పాస్ వస్తుంది కాబట్టి, ఒక స్టాప్ అయినా ఐదు స్టాపులైనా టికెట్ ఖర్చు ఒకటే. ఆఖరి రైలు టైమ్ చూసుకో. అద్దె అగ్రిమెంట్ మీద సంతకం పెట్టేముందు అక్కడ ఉన్నవాళ్లెవరినైనా స్టేషన్ నుంచి ఆ ఇంటి దాకా ఒకసారి నడిచి చూడమను."

"అంటే నిమిషాలు చూడాలి, పేరు కాదు."

"అంతే."

కాసేపాగి అడిగాడు. "అన్నా, ఆ స్టేషన్ పేరు చూసి నువ్వు మోసపోలేదా?"

వచ్చిన కొత్తలో ఫ్రెండ్‌ని కలవడానికి వెళ్లి, దిగాల్సిన చోట కాకుండా స్టేడియం దగ్గర దిగి, ఆ వర్షంలో క్యాంపస్ మొత్తం అడ్డంగా నడిచాను. వాడికి చెప్పలేదు. సీనియర్‌ని కదా!