పాంథియాన్‌లో చోటు

పారిస్‌లోని పాంథియాన్‌ను మొదట చర్చిగా కట్టారు. 1791లో విప్లవ ప్రభుత్వం దాన్ని దేశం గర్వించదగ్గవారి సమాధి మందిరంగా మార్చింది. వోల్టేర్, రూసో, విక్టర్ హ్యూగో, ఎమిల్ జోలా, మేరీ క్యూరీ దాని నేలమాళిగలోనే ఉన్నారు. కానీ రచయితకో శాస్త్రవేత్తకో ప్రభుత్వం ఇలా పట్టం కట్టడం మంచిదేనా అన్న వాదు ఇంకా తెగలేదు.

మంచిదేననేవారికి జోలా ఒక్కడు చాలు. నిర్దోషి అయిన సైనికాధికారి డ్రైఫస్‌ను శిక్షించిన వ్యవహారంలో సైన్యాన్ని నిలదీసినందుకు 1898లో కోర్టు ఆయనకు జైలుశిక్ష వేసింది. ఆయన ఇంగ్లండుకు వెళ్లిపోయాడు. పదేళ్లకు అదే రిపబ్లిక్ ఆయన అస్థికలను పాంథియాన్‌కు తెచ్చింది. తప్పు ఒప్పుకోవడానికి రాజ్యానికి ఉండే దారులు తక్కువ. ఆ వేడుకలోనే ఒక పాత్రికేయుడు డ్రైఫస్‌ను కాల్చి గాయపరిచాడంటే, అది ఉత్త లాంఛనం కాదన్నమాటే.

అయితే ఇప్పుడు ఎంపిక అధ్యక్షుడిది. ఆయనకు సాహిత్యాభిమానం ఉండవచ్చు గానీ రాజకీయ అవసరాలూ ఉంటాయి. 2009లో అప్పటి అధ్యక్షుడు సర్కోజీ రచయిత ఆల్బర్ట్ కామూను తేవాలనుకుంటే కామూ కుమారుడు ఒప్పుకోలేదు. కామూ లూర్మారాన్ గ్రామ శ్మశానంలోనే ఉండిపోయాడు. ఆ నిరాకరణ నాకు సబబుగానే తోస్తుంది. అలాగని ప్రతిసారీ కుటుంబం మాటే చెల్లాలంటే, పాఠకులకు ఏ హక్కూ లేదా అన్న ప్రశ్న వస్తుంది. రింబో, వెర్లేన్‌లను కలిపి తేవాలని 2020లో కొందరు కోరినప్పుడు రింబో బంధువులు అడ్డు చెప్పారు, మక్రాన్ కాదన్నాడు. పెద్దమనుషుల మర్యాదలను ధిక్కరించిన కవులకు ఆ గౌరవం నప్పదని కొందరన్నారు. సరిగ్గా అందుకే ఇవ్వాలని మరికొందరన్నారు. రెండూ కొట్టిపారేయదగ్గ మాటలు కావు.

ఎవరూ కోరని ఫలితం మరొకటుంది. గౌరవానికి ఒక చిరునామా ఏర్పడ్డాక, అక్కడ లేనివారు ఒక మెట్టు కింద ఉన్నట్టు కనిపిస్తారు. తత్త్వవేత్త డెకార్ట్‌ను తేవాలని 1793లో తీర్మానించినా అది అమలు కాలేదు. పాశ్చర్ తన ఇన్‌స్టిట్యూట్‌లోనే ఉన్నాడు. చిత్రకారుల్లో చోటు దక్కింది ఒక్క జోసెఫ్ మరీ వియాన్‌కు, అదీ నెపోలియన్ కాలంలో. ఆయన పేరు ఈనాడు ఎందరికి తెలుసు? దెలాక్రువా, సెజాన్, మోనే బయటే ఉన్నారు. స్త్రీల సంగతి ఇంకా ఇబ్బందికరం. 1907లో సోఫీ బెర్తెలో రసాయన శాస్త్రవేత్త భార్యగా వెళ్లింది. తన కృషికే ఆ చోటు పొందిన తొలి స్త్రీ క్యూరీ, 1995లో. ఆలస్యమైనా ఆ దిద్దుబాటు అంత ప్రస్ఫుటంగా జరిగింది మాత్రం ఈ మందిరం ఉండబట్టే.

ఆ మందిరం మొదటి రోజుల్లోనే తొందరపాటు ఎంపికలకు ఒక విరుగుడు ఆలోచించారు. 1794లో తెచ్చిన విప్లవ నాయకుడు మారాను నెలల్లోనే బయటికి పంపాక, మరణించి పదేళ్లు గడవనిదే ఎవరికీ ఆ గౌరవం ఇవ్వరాదని 1795లో నిర్ణయించారు. ఆ నియమం నిలవలేదు. నిలిచి ఉంటే, 1885లో హ్యూగో శవపేటిక వెంట నడిచిన జనసముద్రం ఉండేది కాదు. అయినా, ఆ నష్టం భరించదగ్గదేననుకుంటాను. దానికి తోడు, కుటుంబం ఒప్పుకోని చోట అస్థికలను కదపకుండా పేరు మాత్రం చెక్కవచ్చు. కవి ఎమె సెజేర్‌కు 2011లో అలాగే ఫలకం పెట్టారు; ఆయన దేహం మార్టినిక్‌లోనే ఉంది. ఫలకం పెట్టడం తేలిక కాబట్టి పేర్లు మితిమీరుతాయన్న భయం ఒకటి ఉంది. పదేళ్ల గడువు దాన్ని కొంతవరకే ఆపగలదు.