స్నేహితురాళ్ళ సంచిలో ఏం పెడదాం?

పెళ్ళి ముహూర్తాలు దగ్గర పడుతుంటే మన ఇళ్ళలో ఇప్పుడు ఒక కొత్త మాట వినబడుతోంది. అదే బ్యాచిలరెట్ పార్టీ. పెళ్ళికూతురు తన ఈడు స్నేహితురాళ్ళతో ఒక సాయంత్రమో, ఒక రోజో సరదాగా గడపడమన్నమాట. పేరు పడమటి దేశాలదే అయినా బెంగుళూరు, చెన్నై, పూణే నగరాలలో పెరిగిన మన పిల్లలకు ఇది పరిచయమే. కొందరు గోరింటాకు పెట్టుకునే రోజునే దీన్నీ జరుపుకుంటున్నారు. వచ్చిన ప్రతి అమ్మాయికీ ఒక చిన్న సంచి ఇచ్చి పంపడం ఇందులో ఆనవాయితీ. ఆ సంచిలో ఏం పెట్టాలన్నదే ఈసారి మన ముచ్చట.

సంచి ఇవ్వడం మనకు కొత్తేమీ కాదు. మన తాంబూలం సంచిలో ఆకు, వక్క, పండు, జాకెట్టు ముక్క ఉంటాయి. అయితే ఆ జాకెట్టు ముక్క సంగతి మనందరికీ తెలిసిందే! కుట్టించుకునేవారు లేక ఒక పేరంటం నుంచి మరో పేరంటానికి తిరుగుతూ ఉంటుంది. పెళ్ళికూతురి పేరు అచ్చువేసిన ప్లాస్టిక్ గ్లాసులు, మెరుపు కాగితాల పట్టీలు అలా తిరగడానికి కూడా పనికిరావు. తెల్లవారేసరికి చెత్తబుట్టలో ఉంటాయి. అందుచేత ఏ వస్తువు కొనబోయినా, "ఆ అమ్మాయి వారం లోపల దీన్ని వాడుతుందా?" అని ఒక్కసారి ప్రశ్నించుకోండి.

ముందుగా సంచి సంగతి. గుడ్డలా కనిపించే నాన్-వోవెన్ సంచులు గుడ్డవి కావు, చాలావరకు పాలీప్రొపిలీన్ అనే ప్లాస్టిక్కే. నూలు సంచి అయితే ఉతికి ఏళ్ళ తరబడి కూరగాయలకు వాడుకోవచ్చు. తమిళనాడు ప్రభుత్వం 2021లో పసుపు సంచిని మళ్ళీ వాడుకలోకి తెచ్చే ఉద్యమం మొదలుపెట్టిన సంగతి అక్కడి మన పాఠకులకు గుర్తుండే ఉంటుంది. సంచి మీద పేరూ తేదీ వేయించకపోతే మరీ మంచిది. ఆఫీసుకు కూడా మొహమాటం లేకుండా పట్టుకెళ్తుంది.

ఇక ఆ పూటకు అవసరమయ్యేవి. చిన్నవీ పెద్దవీ కలిపి పిన్నీసులు, తల పిన్నులు, కొత్త చెప్పులు కరిస్తే అతికించుకోవడానికి రెండు బ్యాండేజీ పట్టీలు, చేతిరుమాలు, శానిటరీ ప్యాడ్ ఒకటి పెట్టండి. ఎండాకాలమైతే ఓఆర్ఎస్ పొడి ప్యాకెట్ కూడా ఉండాలి. ఎన్ని నీళ్ళలో కలపాలో దాని మీదే రాసి ఉంటుంది, అంతే కలపాలి. తలనొప్పి మాత్రల వంటివి మాత్రం వద్దు. ఎవరికి ఏ మందు పడదో మనకు తెలియదు కదా!

గోరింటాకు కోన్ పెట్టేవారు ఒక విషయం గమనించండి. అసలైన గోరింటాకు మొదట నారింజ రంగులో పండి, ఒకటి రెండు రోజులకు ముదురుతుంది. నిమిషాలలో నల్లగా పండే కోన్లలో జుట్టు రంగులో వాడే పీపీడీ అనే రసాయనం కలిపే అవకాశముంది. దానివల్ల కొందరికి చర్మం బొబ్బలెక్కుతుంది. పెళ్ళిలో ఆ చేతులతో నిలబడవలసింది మన పిల్లే, ఆమె స్నేహితురాళ్ళే. తయారీ వివరాలు లేని కోన్ కొనకండి.

వీటికి తోడు నాలుగు కాలాలు నిలిచే వస్తువు ఒక్కటి చాలు. అది మీరున్న ఊరి గుర్తు అయితే మరీ బాగుంటుంది. సోలాపూర్‌లో ఉన్నవారికి తువ్వాళ్ళున్నాయి. ఆ నేతలో మన తెలుగు పద్మశాలీల చేతులు తరతరాలుగా ఉన్నాయి. కర్ణాటకవారు చెన్నపట్నం లక్క కుంకుమ భరిణె గానీ, మైసూరు గంధం సబ్బు గానీ ఇవ్వవచ్చు. మదురై వైపు సుంగుడి చున్నీ, బరంపురంలో అప్పడాలు దొరుకుతాయి. యానాంవారికి కాకినాడ కాజా పక్కనే ఉంది.

చివరగా ముఖ్యమైన మాట. తాంబూలం ఇచ్చేటప్పుడు మనం ముత్తైదువలను వేరుగా చూస్తాం. ఈ సాయంత్రం వచ్చేవారిలో భర్త పోయిన అమ్మాయి ఉండవచ్చు, విడాకులు తీసుకున్న అమ్మాయి ఉండవచ్చు, సల్మా, మేరీ కూడా ఉంటారు. ఒకరి సంచిలో పసుపు కుంకుమ పెట్టి మరొకరి సంచిలో తీసేస్తే ఆ తేడా తెలియకుండా ఉండదు. అన్ని సంచులూ ఒకేలా ఉండనివ్వండి. పసుపు కుంకుమలు ఒక పళ్ళెంలో విడిగా ఉంచితే, కావలసినవారు తామే తీసుకుంటారు.

ఖర్చు కూడా చూసుకోవాలి. పన్నెండు మందికి 3,600 రూపాయలు అనుకుంటే తలకు 300. అందులో సంచికి 60 దాటనివ్వకండి. లెక్కకన్నా ఒకటి రెండు సంచులు ఎక్కువ కట్టండి. పిలవని చెల్లెలు ఎవరితోనైనా తప్పక వస్తుంది!

మీ ఇంట్లో ఇచ్చిన సంచిలో ఏది అందరికీ నచ్చిందో మాకు రాయండి. వచ్చే సంచికలో నలుగురితో పంచుకుందాం.