పూటీన్‌కి వచ్చిన లైకులు మన పెద్దకూరకి ఎందుకు రావు?

పోస్టు కాస్త పొడుగు, ఓపిగ్గా చదవండి.

మాంట్రియల్‌లో చదువుకుంటున్న మా తమ్ముడి కూతురు సెలవులకి వచ్చింది. పోయిన ఆదివారం మా చెన్నై ఇంట్లో "పెద్దనాన్నా, ఇవాళ వంట నాది" అని పూటీన్ చేసింది. వేయించిన బంగాళాదుంపలు, వాటిమీద చీజ్, పైన వేడివేడి గ్రేవీ. ఫోటో సంఘం గ్రూపులో పెట్టాను. లైకులే లైకులు. ఇంతలో ఒకరు "గ్రేవీ దేంతో?" అని అడిగారు. "బీఫ్ ఎముకలతో, మన మార్కెట్లోవే" అన్నాను. గ్రూపు మూగబోయింది. రాత్రికి ఒక పెద్దాయన ఫోన్ చేసి "ఆ ఫోటో తీసెయ్యవయ్యా" అన్నారు. తీయలేదు. ఎందుకో చెబుతాను.

ముందు వంట సంగతి. దుంపల్ని వేలి లావున తరిగి గంటసేపు చన్నీళ్ళలో ఉంచి, తడి లేకుండా తుడవాలి. సన్నసెగమీద మెత్తబడేదాకా ఒకసారి, ఆరాక బాగా కాగిన నూనెలో ఎర్రబడేదాకా రెండోసారి వేయించాలి. ఎముకల్ని ఎర్రగా కాల్చి, ఉల్లిపాయ వేసి నాలుగు గంటలు ఉడికించి వడకట్టాలి. వెన్నలో మైదా గోధుమరంగు తిరిగేదాకా వేయించి, ఆ రసం కొద్దికొద్దిగా పోస్తూ ఉండకట్టకుండా కలపాలి. ఉప్పు, మిరియాలు చాలు. గ్రేవీ పొగలు కక్కుతూ ఉండగానే పోయాలి. చీజ్ మెత్తబడాలి గాని కరిగిపోకూడదు. అసలైన చీజ్ కర్డ్స్ తాజాగా ఉంటే పంటికింద కీచుమంటాయట. అవి మాకు దొరక్క మొజరెల్లా తుంచి వేశాం. పనీర్ మాత్రం వద్దు, రుచే మారిపోతుంది.

ఇది 1950ల్లో క్యుబెక్ పల్లెటూళ్ళలో, పాడి ఎక్కువున్న చోట పుట్టిన తిండి. వార్విక్ ఊరివాళ్ళు 1957లో మా హోటల్లోనే మొదలైందంటారు, డ్రమండ్‌విల్ వాళ్ళు కాదు మాదంటారు. చాలాకాలం దీన్ని మోటు తిండి అని చిన్నచూపు చూశారు, దీని పేరుతోనే ఫ్రెంచి మాట్లాడే క్యుబెక్ వాళ్ళని వెక్కిరించారు. ఇప్పుడేమో కెనడా జాతీయ వంటకం అంటున్నారు. వెక్కిరించినప్పుడు మీది, మెచ్చుకున్నప్పుడు మనదా అని క్యుబెక్‌లో కొందరికి మంట. ఆ మంట న్యాయమైనదే.

ఇప్పుడు మన సంగతి. ఈ నగరం వీధులు ఊడ్చిన, కాలువలు తీసిన కుటుంబాల్లో ఎన్నో తెలుగు కుటుంబాలు. తరాలుగా ఇంట్లో తెలుగే. వాళ్ళలో చాలామంది ఇళ్ళలో పెద్దకూర పండగ వంట. అలాంటి తెలుగు మనకి జనాభా లెక్కల్లో కావాలి, పిల్లలకి తెలుగు మీడియం అడిగేటప్పుడు కావాలి. వాళ్ళ గిన్నె మాత్రం మన వార్షికోత్సవం వంటల బల్లమీదికి ఒక్కసారీ రాలేదు. అదే మాంసం మాంట్రియల్ పేరు పెట్టుకొస్తే "వావ్, రెసిపీ ప్లీజ్" అన్నాం.

తిననివాళ్ళని తినమనడం లేదు. వాళ్ళ నమ్మకం వాళ్ళది. పుట్టగొడుగులతోనూ మంచి గ్రేవీ వస్తుంది, చేసుకోండి. తినేవాళ్ళు మనవాళ్ళేనని ఒప్పుకుందాం. వచ్చేసారి బల్లమీద వాళ్ళకీ ఒక చోటు, ముందు పేరు రాసిన చీటీ పెడదాం. ఎవరికి ఏది కావాలో వాళ్ళే చూసుకుంటారు.

ఆ పెద్దాయన ఈ పోస్టు చదువుతారని తెలుసు. అయ్యా, కోపం వద్దు. కమిటీ మీటింగులో ఈ మాటే లేవనెత్తుతాను. మీరూ రండి, ఎదురెదురుగా మాట్లాడుకుందాం.