కాలాన్ని నిలిపే దీపం

మానవుని ఊహ సృష్టించిన అద్భుత వస్తువులలో దీపానికి విశిష్ట స్థానం ఉంది. అల్లావుద్దీన్ దీపం కోరిన సంపదలను ప్రసాదించింది. నాగమణి కటికచీకటిలో వెలుగు పంచింది. వీటన్నింటినీ మించి, కాలాన్నే చలించకుండా నిలిపే దీపం ఒకటి ఉంటే ఎంత బాగుండునో! దాని వెలుగు పడినచోట పగలు తరగదు; వయస్సు పెరగదు; గడియ గతి తప్పదు. ఇది కేవలం కల్పన. అయినా ఈ కల్పనలో కొంత సత్యం దాగి ఉంది. కాలాన్ని ఆపగల దీపం లోకంలో లేకపోయినా, మన దేహంలోని కాలాన్ని క్రమం తప్పకుండా నిలిపే దీపం ప్రతిదినమూ తూర్పున వెలుగుతూనే ఉంది. దానికి దూరమై, మనం చేసుకొన్న దీపాల కింద రాత్రిని పగలుగా మార్చుకొంటున్నాం. ఈ మార్పుకు ఎవరు ఎంత మూల్యం చెల్లిస్తున్నారో ఆలోచించడం మన కర్తవ్యం.

సూర్యకాంతికీ జీవుల కాలగమనానికీ గల సంబంధం ఈనాడు కనుగొన్నది కాదు. 1729లో ద మైరాన్ అనే ఫ్రెంచి శాస్త్రజ్ఞుడు అత్తిపత్తి వంటి మొక్కను చీకటిలో ఉంచి పరిశీలించాడు. వెలుతురు సోకకపోయినా దాని ఆకులు పగటివేళ విచ్చుకొని, రాత్రివేళ ముడుచుకొన్నాయి. జీవిలోనే ఒక గడియారం ఉన్నదని సూచించిన తొలి ప్రయోగాలలో ఇది ఒకటి. ఆ గడియారం జన్యువుల స్థాయిలో ఎలా నడుస్తుందో పండ్ల ఈగలపై పరిశోధించి వివరించిన హాల్, రోస్‌బాష్, యంగ్ అనే అమెరికా శాస్త్రజ్ఞులకు 2017లో నోబెల్ బహుమతి లభించింది. మనిషిలోని జీవగడియారం సగటున 24 గంటల కంటె కొద్దిగా ఎక్కువ సమయం తీసుకొంటుంది. దానిని అలాగే వదిలివేస్తే రోజురోజుకూ వెనుకబడుతుంది. ఉదయకాంతి కంటిలో ప్రవేశించి, మెదడులోని ఆ గడియారాన్ని ప్రతిదినమూ సరిచేస్తుంది. చీకటి పడిన తరువాత మెలటోనిన్ అనే హార్మోను విడుదలై, దేహాన్ని విశ్రాంతికి సిద్ధం చేస్తుంది. రాత్రివేళ ప్రకాశవంతమైన కాంతి కంట పడితే ఆ హార్మోను తగ్గిపోతుంది. దీపం కాలాన్ని నిలపగలదు, తారుమారు చేయగలదు. అది ఏ వేళ వెలిగిందన్నదే ముఖ్యం.

హైదరాబాదులోని జీడిమెట్ల ఈ సత్యానికి ప్రత్యక్ష నిదర్శనం. దశాబ్దాలుగా పారిశ్రామికవాడగా పేరొందిన ఈ ప్రాంతంలో మందుల కర్మాగారాలు, రసాయన పరిశ్రమలు, యంత్రభాగాలు చేసే చిన్న యూనిట్లు అనేకం ఉన్నాయి. దానికి చేరువలోనే హెచ్.ఎం.టి. యంత్ర పరికరాల కర్మాగారం వెలసింది. చేతి గడియారాలతో దేశమంతటా పేరు పొందిన ఆ సంస్థ ఒకప్పుడు హైదరాబాదులో విద్యుద్దీపాలను కూడా తయారుచేసింది. గడియారమూ దీపమూ కలసి కార్మికుని దినాన్ని ఎ, బి, సి షిఫ్టులుగా విభజించాయి. రాత్రి షిఫ్టు ముగించుకొని వచ్చిన కార్మికుడు, వీధి అంతా మేల్కొన్న వేళ, ఎండకు వేడెక్కిన రేకుల కప్పు కింద నిద్ర కోసం ప్రయత్నించవలసి వస్తున్నది.

నగరానికి పడమటి దిక్కున కథ మరొక రూపం దాల్చింది. 1998లో సైబర్ టవర్స్ ప్రారంభమైన తరువాత హైటెక్ సిటీ శీఘ్రంగా విస్తరించింది. న్యూయార్క్‌లో ఉదయం పది గంటలైనప్పుడు ఇక్కడ ఋతువును బట్టి రాత్రి ఏడున్నరో, ఎనిమిదిన్నరో అవుతుంది. ఆ దేశపు పగటికి సేవలందించే ఉద్యోగికి మన రాత్రే పని దినం. కర్మాగారపు కార్మికునికీ, కంప్యూటర్ ముందు కూర్చున్న పట్టభద్రునికీ జీతాలలో ఎంతో అంతరం ఉండవచ్చు. కాని వారి దేహాలలోని గడియారం ఒక్కటే. పగటి వెలుగుకు దూరమైన రాత్రి షిఫ్టు పనిని ‘మానవులలో కేన్సరు కలిగించగలిగే అవకాశం ఉన్న’ వాటి జాబితాలో అంతర్జాతీయ కేన్సర్ పరిశోధన సంస్థ 2007లో చేర్చింది. 2019లో మరల పరిశీలించి ఆ నిర్ణయాన్నే నిలుపుకొన్నది.

రాత్రిపనిని పూర్తిగా మానుకోవడం సాధ్యమా అని కొందరు ప్రశ్నించవచ్చు. సాధ్యం కాదన్నది నిజమే. ఆసుపత్రి తలుపులు మూయలేము. రసాయన చర్యను నడుమ ఆపలేము. వేలాది కుటుంబాల జీవనాధారాన్ని తీసివేయలేము. అయితే తప్పనిసరి అయిన దానికీ, కేవలం లాభం కోసం పెంచుకొన్న దానికీ భేదం ఉంది. తప్పనిసరి అయినచోట కూడా కష్టాన్ని తగ్గించే మార్గాలు ఉన్నాయి. షిఫ్టులను ఉదయం నుండి మధ్యాహ్నానికి, అక్కడి నుండి రాత్రికి మార్చితే దేహం కొంత సులభంగా సర్దుకొంటుంది. రాత్రి పనిచేసిన వారికి చాలినంత విశ్రాంతి, క్రమం తప్పని వైద్య పరీక్షలు, న్యాయమైన అదనపు వేతనం కల్పించాలి. ఇవి యజమాని దయాధర్మంగా ఇచ్చేవి కావు. దేహం చెల్లించే మూల్యానికి ప్రతిఫలాలు.

విద్యార్థులు కూడా ఈ విషయాన్ని తమకు సంబంధించినదిగా భావించాలి. పరీక్షల ముందు తెల్లవార్లూ దీపం వెలిగించి చదవడాన్ని దీక్షగా పరిగణిస్తున్నాం. కాని పగలు చదివినది మనసులో స్థిరపడేది నిద్రలోనే. అర్ధరాత్రి దాకా సెల్‌ఫోను వెలుగులో గడిపి, సూర్యోదయాన్ని చూడకుండా తరగతికి చేరే యువకుడు తన గడియారాన్ని తానే పాడుచేసుకొంటున్నాడు.

దీపం మానవుని గొప్ప సంపాదన. దానిని నిందించడం అవివేకం. అయితే వెలిగించడం నేర్చుకొన్న మనిషి ఆర్పవలసిన వేళను కూడా నేర్చుకోవాలి. వేకువన వాకిట నిలిచి తొలివెలుగు చూడడానికి ఖర్చు ఏమీ లేదు. ఆ భాగ్యం జీడిమెట్ల కార్మికునికి, హైటెక్ సిటీ ఉద్యోగికి కూడా దక్కేలా పని వేళలను తీర్చిదిద్దిన సమాజమే నిజమైన నాగరిక సమాజం.