ఒక గిన్నె, మూడు పేర్లు

తమిళనాడులోని ధర్మపురి ప్రాంతంలో ఒకే గిన్నెకు మూడు పేర్లున్నాయి. తమిళం మాట్లాడే ఇంట్లో అది తయిర్ పచ్చడి, కన్నడం మాట్లాడే ఇంట్లో మొసరు బజ్జి, తెలుగువారింట్లో పెరుగు పచ్చడి. గిన్నెలో ఉండేది దాదాపు ఒకటే: గట్టి పెరుగు, పెరట్లో అప్పుడే తుంచిన ఆకు, పచ్చిమిరపకాయ, ఉప్పు, పైన చిటపటలాడే పోపు. ఈ సంచిక ఆ గిన్నె చుట్టూ తిరుగుతుంది.

ప్రవాస తెలుగువారి పత్రికకు ఇది చిన్న విషయంగా కనబడవచ్చు. కానీ విదేశాల్లో చాలా తెలుగిళ్ల ఫ్రిజ్ తలుపులో ఇవాళ ఒక సీసా ఉంటోంది. పిల్లలు కేరట్ ముక్కో కీరా ముక్కో అందులో ముంచుకుని తింటారు. తెల్లగా, చిక్కగా, కాస్త పుల్లగా, ఆకు వాసనతో ఉండే దాన్ని ర్యాంచ్ అంటారు. పెరుగు పచ్చడి వడ్డిస్తే పళ్లెం జరిపేసే పిల్లలే దీన్ని వేలితో నాకుతారు. ఆ రెండూ దగ్గరి చుట్టాలని వాళ్లకు చెప్పినవాళ్లు తక్కువ.

ర్యాంచ్ పుట్టింది కూడా పెద్ద పరిశ్రమలో కాదు. స్టీవ్ హెన్సన్ అనే ప్లంబింగ్ కాంట్రాక్టరు అలాస్కాలో పనివాళ్లకు వండిపెడుతూ మజ్జిగ, మయోనైజ్, ఆకులు, వెల్లుల్లి కలిపి ఒక రుచి కుదుర్చుకున్నాడు. 1954లో భార్యతో కలిసి కాలిఫోర్నియాలోని సాంటా బార్బరా దగ్గర ఒక క్షేత్రం కొని, దానికి హిడెన్ వ్యాలీ ర్యాంచ్ అని పేరు పెట్టాడు. వచ్చిన అతిథులు రుచి మరిగి ఇంటికి పట్టుకెళ్లసాగారు. తర్వాత పొడి పొట్లాలు టపాలో వెళ్లాయి. 1972లో క్లోరాక్స్ సంస్థ ఆ పేరునూ పాకాన్నీ 80 లక్షల డాలర్లకు కొనుక్కుంది. సీసాలో నెలల తరబడి నిలవ ఉండే ర్యాంచ్ ఆ తర్వాతి కథ. మొదట అది ఇంటి మజ్జిగ, ఇంటి చేతి కొలత.

దానికంటే ముందే ఇంకొకటుంది. 1923లో శాన్ ఫ్రాన్సిస్కోలోని ప్యాలెస్ హోటల్ వంటగాడు ఫిలిప్ రోమర్, జార్జ్ ఆర్లిస్ అనే నటుడి గౌరవార్థం పచ్చటి ఆకులు నూరి సలాడ్‌పై పోసుకునే ఒక చిక్కటి మిశ్రమం చేశాడు. ఆర్లిస్ అప్పట్లో విలియం ఆర్చర్ రాసిన ‘ది గ్రీన్ గాడెస్’ నాటకంలో ప్రధాన పాత్ర వేస్తున్నాడు. ఆ మిశ్రమానికీ నాటకం పేరే స్థిరపడింది. నాటకం జరిగేది హిమాలయాల్లోని ఒక ఊహా రాజ్యంలో. పేరులోని పచ్చ రంగు దేవత అక్కడి దేవత. అలా అమెరికా సలాడ్ గిన్నెలోకి హిందూదేశపు నీడ ఒకటి వంద ఏళ్ల కిందటే వచ్చి కూచుంది. నిజమైన హిందూదేశపు పాకం మాత్రం ధర్మపురి లాంటి ఊళ్ల పెరళ్లలోనే ఉండిపోయింది.

ధర్మపురి పాత పేరు తగడూరు. సంగం కాలంలో అదియమాన్ నెడుమాన్ అంజి ఏలిన చోటు. అరుదుగా దొరికే ఉసిరికాయ ఒకటి చేతికి వస్తే, అది తిన్నవాళ్లకు దీర్ఘాయువని తెలిసీ, తను తినకుండా కవయిత్రి అవ్వయ్యార్‌కు ఇచ్చాడని తమిళులు ఈనాటికీ చెప్పుకుంటారు. ఉసిరికాయను ఉడికించి, గింజ తీసి, పచ్చిమిర్చి కొబ్బరితో నూరి పెరుగులో కలిపితే అది కూడా పెరుగు పచ్చడే. తగడూరు కథ తెలిసినవాళ్లు ఆ గిన్నె ముందు కూచుంటే రుచి మరో మెట్టెక్కుతుంది.

ఈ ప్రాంతాన్ని అప్పట్లో బారామహల్ అనేవారు. 1792 నుంచి 1799 వరకు ఇక్కడ కెప్టెన్ అలెగ్జాండర్ రీడ్ కింద పనిచేసిన థామస్ మన్రో ధర్మపురిలో ఉంటూ తోట వేసుకున్నాడు. రాయలసీమ తెలుగువారు ‘మన్రో దొర’ అని తలుచుకునే మనిషి ఇతనే. 1800లో దత్తమండలాలకు కలెక్టరై వెళ్లాడు, 1827లో పత్తికొండలో కలరాతో పోయాడు. తిరుమలలో నైవేద్యం వెళ్లే మన్రో గంగాళం అతని పేరు మీదిదే. రైతుల భూములు కొలిచి శిస్తు నిర్ణయించడం అతను నేర్చింది ధర్మపురి మట్టిలో. సీమకు రాకముందు అతని చేతికంటింది ఈ తోట మట్టే అనుకుంటే ఆ ఊరు తెలుగు పాఠకుడికి మరింత దగ్గరవుతుంది.

1965 అక్టోబరు 2న సేలం నుంచి విడదీసి ధర్మపురి జిల్లా చేశారు. 2004 ఫిబ్రవరిలో దాన్నుంచి కృష్ణగిరి జిల్లా విడిపోయింది. తెలుగు గట్టిగా వినబడే హోసూరు, డెంకణికోట అటు వెళ్లాయి. ఇక్కడి తెలుగువాళ్లు మొన్న రైలెక్కి వచ్చినవాళ్లు కారు. విజయనగర, నాయక రాజుల కాలం నుంచీ ఉన్న కుటుంబాలు ఎన్నో. రాష్ట్రాల మధ్య గీత గీసినప్పుడు గీతకు ఇటు మిగిలారు. 2006లో తమిళనాడు ప్రభుత్వం చేసిన చట్టంతో బడుల్లో ఒకటో తరగతి నుంచి అంచెలంచెలుగా తమిళం తప్పనిసరి అయింది. రాష్ట్రంలో ఉన్నాక ఆ రాష్ట్ర భాష నేర్వాల్సిందే, అందులో తప్పు పట్టేది లేదు. అయితే బడిలో తెలుగు చదువుకునే పిల్లలు తగ్గేకొద్దీ ఆ భాషకు మిగిలే చోట్లు కొన్నే. వాటిలో వంటిల్లు ఒకటి, పెరడు ఒకటి.

ఈ మాటను ఊరికే అనడం లేదు. ఒక ఆకును పేరు పెట్టి పిలవనివాడు దాన్ని తెమ్మని అడగలేడు. వాము ఆకు అని తెలిసిన పిల్ల పెరట్లోకి వెళ్లి నాలుగు ఆకులు కోసుకొస్తుంది. అదే ఆకు తమిళంలో కర్పూరవల్లి, కన్నడంలో దొడ్డపత్రె. మూడూ తెలిసిన పిల్ల మూడిళ్లలో కూతురు. పులికాట్ చెరువు చుట్టుపట్ల తెలుగును స.వెం. రమేశ్ ‘ప్రళయకావేరి కథలు’లో పట్టి చూపించినప్పుడు పాఠకులు ఆశ్చర్యపోయింది చెట్టూ చేపా తిండీ ఎన్ని పేర్లతో బతికి ఉన్నాయో చూసే. అటువంటి మాటలు నిఘంటువులోకి చేరేకన్నా ముందు రోటి దగ్గర బతుకుతాయి. కూరగాయలవాడు చివర్లో చేతిలో పెట్టే కరివేపాకు రెమ్మ, కొత్తిమీర కట్ట తెలుగులో కొసరు. తమిళ సంతలోనూ దాన్ని కొసురు అనే అంటారు. పెరుగు పచ్చడిలో సగం సరుకు ఆ కొసరులోనే వచ్చేస్తుంది.

ఇక చేసే తీరు. ఇక్కడ తొందరపడకూడదు.

అర లీటరు గట్టి పెరుగును పలుచని నూలు గుడ్డలో మూటకట్టి రెండు గంటలు వేలాడదీయాలి. కిందికి కారిన తేటను పారబోయకుండా చారులోనో పిండి కలపడానికో వాడుకోవచ్చు. విదేశాల్లో గ్రీక్ యోగర్ట్ పేరుతో దొరికేది ఇలా నీరు తీసిన పెరుగే, కాబట్టి అక్కడ ఈ పని తప్పుతుంది. సీసాలో ర్యాంచ్ చిక్కగా ఉండడానికి గుడ్డుసొనా నూనే కలిపి గిలకొడతారు. గుడ్డుసొనలోని లెసిథిన్ నూనెనూ నీటినీ విడిపోనివ్వదు. పెరుగుకు ఆ అవసరం లేదు. పాల మాంసకృత్తులే వలలా అల్లుకుని నీటిని పట్టి ఉంచుతాయి. ఆ వల చెదరకుండా చూసుకోవడమే పనితనం. అందుకే పెరుగును మిక్సీలో వేయకూడదు. మర తిరిగితే వల తెగి మజ్జిగైపోతుంది. ఆకును విడిగా నూరి, పెరుగులో గరిటెతో కలపాలి.

నూరడానికి గుప్పెడు కొత్తిమీర లేత కాడలతో సహా, పది పన్నెండు పుదీనా ఆకులు, రెండు పచ్చిమిరపకాయలు, అర చెంచా జీలకర్ర, రెండు చెంచాల పచ్చి కొబ్బరి. కొబ్బరి దొరకని చోట ఒక చెంచా పుట్నాలపప్పు. చిక్కదనం దానితోనూ వస్తుంది. వాము ఆకు ఉంటే నాలుగు ఆకులను చుక్క నేతిలో మగ్గించి చేర్చాలి; పచ్చిగా వేస్తే ఘాటు మిగతా ఆకులను తొక్కేస్తుంది. కన్నడిగుల తంబుళి రహస్యం ఇదే: ఆకును నేతిలో మగ్గించడం, కొబ్బరితో నూరడం, మజ్జిగలో కలపడం. ధర్మపురి పక్కనే కర్ణాటక ఉండడం వల్ల ఈ వంటిళ్లు ఒకదాని తీరు ఒకటి పట్టుకున్నాయి.

రంగు సంగతి చెప్పుకోవాలి. పులుపు తగిలిన ఆకు కాసేపటికి ముదురు ఖాకీ రంగుకు తిరుగుతుంది. పత్రహరితం మధ్యలో ఉండే మెగ్నీషియం పులుపుకు ఊడిపోవడమే కారణం. వేడి తగిలితే మరీ త్వరగా ఊడుతుంది. కాబట్టి నూరిన ముద్దను వడ్డించే ముందే పెరుగులో కలపాలి, పోపును చల్లార్చి పోయాలి. కాగే నూనె నేరుగా పోస్తే పెరుగు కూడా విరుగుతుంది. చెనగ నూనెలో ఆవాలు, మినప్పప్పు, ఇంగువ, కరివేపాకు వేయించి పక్కన పెట్టి, గిన్నె అంచు వేడి చేయి ఓర్చుకోగలిగినంతకు తగ్గాక కలపడం మంచిది. ఉప్పు అన్నిటికన్నా చివర. కీరా ముక్కలు కలిపినప్పుడు ఉప్పు ముందే వేస్తే వాటిలోంచి నీరు ఊరి, చిక్కదనం కోసం పడ్డ శ్రమంతా నీళ్లపాలవుతుంది.

దేనిమీద పోసుకోవాలి? తెలుగువారికి సలాడ్ కొత్త కాదు. శ్రీరామనవమి నాటి వడపప్పు, నానిన పెసరపప్పులో కీరా తురుము కొబ్బరి కలిపిన కోసంబరి సలాడ్లే. తమిళుల కోసుమల్లి కూడా అదే. పాలక్కోడు సంతకు లారీల్లో వచ్చే టమాటాలను గింజ తీసి ముక్కలు చేసి, మొలకెత్తిన పెసలు చేర్చి, పెన్నాగరం వైపు మెట్ట చేలల్లో పండే సామలను పొడిపొడిగా వండి చల్లార్చి కలిపి, పైన ఈ చిక్కటి పచ్చడి పోస్తే అది ఒక పూట భోజనమే. గ్రీకులు కీరా వెల్లుల్లి పెరుగులో కలిపి జాజికి అంటారు, టర్కీవాళ్లు జాజిక్ అంటారు, ఇరానీలు మాస్త్ ఓ ఖియార్ అంటారు. ఆ దేశాలవాళ్ల పొరుగింట్లో ఉన్న తెలుగు కుటుంబం గిన్నె మార్చుకోవడానికి మొహమాటపడనక్కర్లేదు.

ఆకు మాత్రం ఇంట్లో పెరిగిందై ఉండాలి. కట్ట కొని ఫ్రిజ్‌లో పెట్టిన కొత్తిమీరకూ అప్పుడే తుంచినదానికీ వాసనలో ఉన్న తేడా ఏ పాకమూ పూడ్చలేదు. ధనియం ఒక్కో గింజలో రెండు విత్తనాలుంటాయి. చెప్పుతోనో అరచేత్తోనో మెల్లగా నలిపి రెండు బద్దలు చేసి చల్లితే బాగా మొలుస్తాయి. నలభై రోజులు దాటాక కోతకొస్తుంది. పుదీనాకు విత్తనంతో పనిలేదు, కొన్న కట్టలోంచి ముదురు కాడ ఒకటి నీళ్లలో పెడితే వేరు పోస్తుంది. దాన్ని విడి కుండీలో ఉంచాలి, లేకపోతే పక్కవాటిని తినేస్తుంది. వాము ఆకు కొమ్మ విరిచి గుచ్చితే చాలు, చలికాలంలో ఇంటి లోపల కిటికీ దగ్గర పెడితే నిలుస్తుంది. ధర్మపురి వర్షచ్ఛాయ నేల. భూగర్భజలంలో ఫ్లోరైడ్ ఎక్కువై తాగునీటికే కష్టపడి, 2013లో హొగెనక్కల్ పథకంతో కావేరి నీళ్లు అందుకున్న జిల్లా. అటువంటి చోట బియ్యం కడిగిన నీళ్లు, కూరగాయలు కడిగిన నీళ్లు పెరటి మడికే వెళ్లాలని పెద్దవాళ్లు పట్టుబట్టడంలో అర్థముంది. అపార్ట్‌మెంట్ బాల్కనీలోని మూడు కుండీలకు ఆ నీళ్లే సరిపోతాయి.

వచ్చే సంచికకు పాఠకుల నుంచి ఈ పత్రిక కోరేది ఒక్కటే. ఇంట్లో అమ్మమ్మో నాయనమ్మో పెరుగులో కలిపిన ఆకు ఏది, దాన్ని ఏ పేరుతో పిలిచారు, ఆ ఊరు ఏది అన్నది నాలుగు వాక్యాల్లో రాసి పంపాలి. తమిళ, కన్నడ, ఆంగ్ల పేర్లు తెలిస్తే పక్కనే తెలుగు లిపిలో చేర్చాలి. ఆకు ఫొటో ఒకటి, వీలైతే ముందూ వెనకా రెండు వైపులా తీసి, జతచేయాలి. పిల్లల చేత రాయిస్తే అక్షర దోషాలు దిద్దకుండా అలాగే పంపండి. వాళ్లు ఆ పేరును ఎలా విన్నారో అందులో తెలుస్తుంది.