గుట్టెక్కితేనే నగరం

చార్మినార్ నుంచి చౌమహల్లా ప్యాలెస్ దాకా సాగే వారసత్వ నడక మంచిదే. కానీ అందులో కనిపించేది నేల మీది నగరం మాత్రమే. హైదరాబాద్ రాతిగుట్టల ఊరు. గోల్కొండ బాలా హిస్సార్, నౌబత్ పహాడ్, మౌలాలి గుట్ట... వారానికొకటి చొప్పున, విషయం తెలిసిన గైడ్ వెంట ఎక్కించే ఏర్పాటు ఎందుకు ఉండకూడదు?

కోట ద్వారం దగ్గర చప్పట్లు కొట్టించి ప్రతిధ్వని వినిపించడంతోనే గోల్కొండ గైడ్లలో చాలామంది పని అయిపోతోంది. అసలు పాఠం పైన బారాదరి డాబా మీద ఉంది. ఉత్తరాన కుతుబ్‌షాహీ సమాధుల గుమ్మటాలు, చుట్టూ గుట్టలను చుట్టుకుంటూ దిగే కోటగోడ. కోట ఇరుకై, నీటికి కటకటై, గోల్కొండ సుల్తాన్ మహమ్మద్ కులీ 1591లో మూసీ అవతల కొత్త నగరం కట్టాడని చరిత్రకారులు చెబుతారు. ఆ ఇరుకేమిటో పైనుంచి చూస్తే ఎవరూ విడమరచి చెప్పనక్కర్లేదు. బిర్లా మందిరం ఉన్న నౌబత్ పహాడ్ నుంచైతే 1560ల్లో సుల్తాన్ ఇబ్రహీం కులీ హయాంలో తవ్వించిన హుస్సేన్‌సాగర్ మొత్తం కళ్లముందుంటుంది. చుట్టూ లేచిన భవనాలు కూడా!

ఇందుకు కోట్లు అక్కర్లేదు. తెలుగు, ఉర్దూ రెండూ వచ్చిన గైడ్లు, మెట్ల దారిలో తాగునీరు, కూర్చోవడానికి కాస్త నీడ, ఆడవాళ్లకు మరుగుదొడ్డి కావాలి. వేసవిలో నడక ఉదయం ఆరున్నరకే మొదలవ్వాలి. బడిపిల్లలకు టిక్కెట్టు పెట్టొద్దు. పర్యాటక శాఖ ఈ చలికాలమే ఒక్క గుట్టతోనైనా మొదలుపెట్టాలి.