అవ్వ చెప్పిన మంచికాలం



తమ్ముళ్లూ, చెల్లెళ్లూ, ఒక మాట అడుగుతా. చివరిసారి మీరు మనసారా సంతోషపడింది ఎప్పుడు?

డిగ్రీ పాసైన రోజు నేను మా అవ్వను ఇదే అడిగినా. అవ్వ బుట్టలు అల్లింది, పుంగనూరు చుట్టుపక్కల ఊళ్లలో ఎరుక చెప్పింది. అందరికీ "మంచికాలం వస్తాది తల్లీ" అని చెప్పిన మనిషి. నీకు మంచికాలమంటే ఏందవ్వా అంటే, "రాత్రిపూట ఎవురూ వచ్చి తలుపు కొట్టకుండా తెల్లారితే చాలు నాయనా" అనింది.

ఆ మాట వెనక చరిత్ర ఉంది. 1871లో తెల్లదొరలు నేరస్త తెగల చట్టం తెచ్చారు. తర్వాత మన ఎరుకల వాళ్లనూ అందులో చేర్చారు. పుట్టుకతోనే దొంగలన్నారు, పోలీసుల ముందు హాజరు పలకమన్నారు. 1952 ఆగస్టు 31న ఆ చట్టం రద్దయింది. అనుమానం మాత్రం రద్దు కాలేదు.

1895లో మదనపల్లెలో పుట్టిన జిడ్డు కృష్ణమూర్తి భయం గురించి జీవితమంతా మాట్లాడినాడు. భయమున్న చోట ప్రేమ ఉండదన్నాడు. నిజమే. కానీ మన భయం సగం బయటి నుంచి వచ్చింది. పట్టా లేని ఇల్లు, కుల ధ్రువపత్రం కోసం ఆఫీసుల చుట్టూ తిరుగుడు, కంటే ముందే పడే నింద. వీటిని కళ్లు మూసుకుని కూర్చుని పోగొట్టలేం. కలిసి కొట్లాడాల్సిందే.

మిగతా సగం మాత్రం మనలోనే ఉంది. ఒప్పుకుంటా, కాలేజీలో మూడేళ్లు నా కులం ఎవరికీ చెప్పలేదు. ఒకరోజు మదనపల్లె బస్టాండులో అవ్వ బుట్టలతో కనబడితే పక్క సందులోకి తప్పుకున్నా. అవ్వ చూసింది. ఇంటికొచ్చినాక ఏమీ అనకుండా అన్నం పెట్టింది. ఆ ముద్ద ఇప్పటికీ గొంతు దిగలేదు.

కుప్పంలో పొద్దున్నే బెంగళూరు రైలెక్కే మన పిల్లల్ని చూస్తుంటా. జీతం కావాలి, వద్దనను. ఆకలితో ఉన్నోళ్లకు సంతోషం గురించి పాఠం చెప్పడం పాపం. కానీ అక్కడ అద్దె గదికోసం వేరే కులం పేరు చెప్పుకుని బతికితే, జీతమొచ్చిన రోజు కూడా గుండె దడదడలాడుతూనే ఉంటుంది కదా?

మొన్న అవ్వ, నేను బస్సులో వస్తూ మన ఎరుకల భాషలో గట్టిగా మాట్లాడుకున్నాం. కొందరు తిరిగి చూసినారు. అవ్వ నవ్వింది, నేనూ నవ్వినా. పట్టా ఇంకా రాలేదు, పోరాటం అయిపోలేదు. అయినా ఆరోజు నాకు సంతోషమంటే ఏందో తెలిసింది.

మీరు ఎరుకలైనా, యానాదులైనా, సుగాలీలైనా, ఈ ఆదివారం మీ అవ్వ పక్కన కూర్చుని మంచికాలమంటే ఏందో అడగండి. ఆమె చెప్పేదే మన డిమాండ్ల కాగితంలో మొదటి లైను కావాలి.